కుక్కలు నాలుగైనా డాక్ మీద ఒక్కటే!

డాక్ డైవింగ్ గురించి మనవాళ్ళలో చాలామందికి తెలియదు. అమెరికాలో వారాంతాల్లో కుక్కల యజమానులకి ఇదో పెద్ద పిచ్చి. 1997లో ప్యూరీనా వాళ్ళ ఇంక్రెడిబుల్ డాగ్ ఛాలెంజ్‌తో మొదలైంది. ఆట సింపుల్. 40 అడుగుల పొడవు, నీటికి 2 అడుగుల ఎత్తున ఒక వేదిక. యజమాని బొమ్మ విసురుతాడు, కుక్క పరిగెత్తుకొచ్చి దాని కోసం నీళ్ళలోకి దూకుతుంది. తోక మొదలు నీటిని తాకిన చోటు వరకు దూరం కొలుస్తారు. 2019లో సౌండర్స్ అనే విప్పెట్ 36 అడుగుల 2 అంగుళాలు దూకింది. అక్షరాలా కుక్కే, కంగారూ కాదు :)

అసలు విషయానికొస్తే, మా టీమ్‌లో ఒకాయనకి మూడు కుక్కలు. మూడింటికీ ఒకేసారి ట్రైనింగ్. "ఒకదాన్ని చూసి ఇంకోటి నేర్చుకుంటుంది బాసూ" అంటాడు. నేను ఒప్పుకోను. పక్క కుక్కని చూసి వచ్చేది ఉత్సాహమే, ఈత కాదు. ఆ ఊపులో దూకేసిన కొత్త కుక్క నీళ్ళలో ఒక్కసారి బెదిరిందంటే, మళ్ళీ డాక్ ఎక్కించడానికి నెలలు పట్టొచ్చు. దేనికది లైఫ్ జాకెట్ వేసుకుని, ర్యాంప్ మీంచి మెల్లగా దిగి, ఈత వచ్చాకే అంచు దాకా రావాలి. తోసెయ్యడం మాత్రం ఎప్పుడూ పనికిరాదు.

రెండోది, వంతు. మనం రోజూ చూసే గొడవే కదా... రిసోర్స్ ఒకటి, థ్రెడ్లు మూడు. లాక్ లేకపోతే ఏమవుతుందో మనకి చెప్పక్కర్లేదు. "గో" అని ఒకే మాట అందరికీ వాడితే మూడూ లగెత్తుతాయి. ఈదుతున్న కుక్క మీద ఇంకోటి పడితే నడుం విరగొచ్చు. అందుకే పేరు పెట్టి పిలిచాకే కదలడం ముందు నేల మీద నేర్పాలి. మిగతావి నీళ్ళు కనపడని చోట, నీడలో, క్రేట్‌లో ఉండాలి. గంటసేపు గొలుసు లాగి మొరిగిన కుక్క తన వంతు వచ్చేసరికి సగం అలిసిపోయి ఉంటుంది. బొమ్మ కూడా దేనిది దానికే, లేదంటే కొట్లాటే.

మూడోది అన్నిటికన్నా ముఖ్యం. దూకిన ప్రతిసారీ, బొమ్మ నోట కరుచుకుని ఈదిన ప్రతిసారీ కుక్క నీళ్ళు మింగుతుంది. మోతాదు మించితే రక్తంలో సోడియం పడిపోతుంది. వాంతులు, తూలడం, ఆపైన ప్రాణానికే ముప్పు. ఒక్క కుక్కయితే గమనిస్తాం. మూడుంటే ఏది ఎన్నిసార్లు దూకిందో లెక్క తప్పుతుంది. కాబట్టి కాగితం మీద రాసుకోండి, నాలుగైదు దూకులకి ఆపి విశ్రాంతి ఇవ్వండి.

అలాగని కలిపి నేర్పడం దండగ అనను. పోటీల్లో చుట్టూ పాతిక కుక్కలు అరుస్తుంటాయి, ఆ గోలలో కుదురుగా ఉండటం కలిసి ఉంటేనే వస్తుంది. నా మటుకు నాకు కలిపి నేర్పాల్సింది ఓపిక, విడిగా నేర్పాల్సింది దూకడం.

చివరగా ఒక్క మాట. మూడింట్లో ఒకదానికి నీళ్ళంటే ఇష్టం లేకపోతే దాన్ని వదిలెయ్యండి గురూ. పెద్దోడు ఇంజనీరింగ్ చేశాడని చిన్నోణ్ణి కూడా అదే కాలేజీలో పడేసే అలవాటు మనకెలాగూ ఉంది. కనీసం కుక్కలనైనా బతకనిద్దాం. ఏమంటారు?