చేతిలో దారి, చెవిలో కథ

గుంటూరు బ్రాడీపేటకు క్రొత్తగా వచ్చువారికి అచ్చటి చిరునామాలు విచిత్రముగా తోచును. వీథికి పేరుండదు. "4/14, బ్రాడీపేట" అని రెండంకెలు వ్రాసి యిచ్చెదరు. మొదటిది లైను, రెండవది అడ్డరోడ్డు. నాలుగవ లైనును పదునాలుగవ అడ్డరోడ్డు దాటు చోట నిలిచినచో వెదకుచున్న యిల్లు పిలిచిన పలుకునంత దూరముననే యుండును. అమెరికాలో న్యూయార్కు నగరపు మాన్‌హాటన్ దీవికి 1811లో గీసిన వీథుల పటము కూడ ఈ తరహాదే. తెల్లదొరల పేర్లు పెట్టుకొన్న బ్రాడీపేటయు, దాని పొరుగుననున్న అరండల్‌పేటయు చదరంగపు పలకవలె గళ్లుగళ్లుగా తీర్పబడినవి. ఇచ్చట దారి తప్పవలెనన్నను కొంత ప్రతిభ యుండవలెను.

అట్టి పేటలో సైతము నేటి విద్యార్థి చేతిలోని ఫోను చూడక అడుగు వేయుట లేదు. దీనికి పెద్దలు నవ్వనక్కరలేదు. ఏలయన, ఫోను చేతబట్టి నగరము చూచుట యిప్పుడు ప్రపంచమంతట ఒక విద్యగా పెరుగుచున్నది. వెనుకటి యాత్రికుడు మార్గదర్శి వెంట గుంపులో నడచెడివాడు. నేటివాడు వాయిస్‌మ్యాప్, జీపీఎస్‌మైసిటీ వంటి యాప్ నొకదానిని ఫోనులో నింపుకొని, తనకు వీలైన వేళ, తనకు నచ్చిన వేగమున, తానొక్కడే నడచును. ఆకాశమున తిరుగు ఉపగ్రహములలో కనీసము నాలుగింటి సంకేతముల నందుకొని ఫోను తానున్న చోటును లెక్కగట్టును. నడచువాడు ముందుగా గుర్తించిన తావునకు చేరగానే చెవిలో ఒక కంఠము కథ చెప్పనారంభించును. జపాను రాజధాని టోక్యోలో అకిహాబరా అను పేట కలదు. రెండవ ప్రపంచ యుద్ధము ముగిసిన పిదప రేడియో విడిభాగములమ్ము చిన్న అంగళ్లతో పెరిగి, విద్యుత్ పరికరములకును, కంప్యూటర్లకును నెలవై, తుదకు బొమ్మల చిత్రములకు, వీడియో ఆటలకు పుట్టినిల్లువలె పేరుగాంచినది. దేశదేశముల యువకులు దానిని చూడబోవుచున్నారు. అచ్చట వారు చూచునవి సామాన్యజనుల వినోదము పెరిగిన వీథులే.

మన పాఠశాలల విహారయాత్ర ఇంకను శాసనమున్న చోటికే పోవుచున్నది. అమరావతి స్తూపము, నాగార్జునకొండ, కొండవీటి దుర్గము చూడదగినవే, ఎవరును కాదనరు. కాని జనుల వినోదమునకు చరిత్ర లేదనుకొనుట పొరపాటు. గుంటూరుకు కూతవేటు దూరమున తెనాలిలో 1929లో ఆంధ్ర నాటక కళాపరిషత్తు పుట్టినది. మహానటి సావిత్రి పుట్టిన చిఱ్ఱావూరు ఈ జిల్లాలోనిదే. గుంటూరు ఆంధ్ర క్రైస్తవ కళాశాల 1885లో నెలకొన్నది. బ్రాడీపేటనుండి కాలినడకను పోదగిన దూరము. 1940వ దశకమున నందమూరి తారక రామారావు, కొంగర జగ్గయ్య అచ్చట చదివిరి. రామారావు 1947లో సబ్‌రిజిస్ట్రారు పనిలో చేరి, కొలది వారములకే దానిని విడిచి, 1949లో 'మనదేశం' చిత్రముతో తెర కెక్కిరి. జగ్గయ్య ఆకాశవాణిలో వార్తలు చదివి, చలనచిత్రములలో కంఠమునకు పేరుగాంచి, 1967లో ఒంగోలునుండి లోక్‌సభకు ఎన్నికైరి. రవీంద్రుని గీతాంజలిని తెనిగించిరి. నేడు ఆ దారులనే నడచి ట్యూషనుకు పోవు బాలురలో ఈ సంగతి తెలిసినవారెందరు? 2016లో 'గుంటూరు టాకీస్', 2024లో 'గుంటూరు కారం' అని సినిమాలకు పేరైన నగరమిది. కారము సంగతి లోకమెరుగును. మిరప మార్కెట్ యార్డే దానికి సాక్షి. టాకీసు సంగతియే చెప్పువారు కావలెను.

పేటలో నడువ మొదలుపెట్టినచో కథ మొదట దొరకునది కూడళ్ల పేర్లలోనే. పొరుగూరి బాలుడొకడు "శంకర్‌విలాస్ ఎక్కడండీ, తాతగారూ?" అని అడిగినాడనుకొందము. "నీవు నిలిచినదే గదా, బాబూ!" అని సమాధానము వచ్చును. బాలుడు హోటలు కొరకు నలుదిక్కులు చూచును. ఆ పేరు ఒకనాటి హోటలుది. హోటలు పేరు కూడలి కంటినది. కూడలి పేరు రైలుదారి మీది వంతెన కంటినది. 1950వ దశకమున కట్టిన ఆ వంతెనను తీసివేసి క్రొత్తది కట్టు పని 2025లో మొదలైనది. క్రొత్తదానికి ఏ పేరు రాతిమీద చెక్కినను జనులు నోట శంకర్‌విలాస్ వంతెన యనియే అందురని పందెము వేయవచ్చును. వంతెనకు ఆవలి నాజ్ సెంటరు పేరు సినిమాహాలుది. ఇట్లు పేరు పెట్టుటలో జనుల పద్ధతి వేరు. పురపాలకులు కూడలికి మహనీయుని పేరు పెట్టి విగ్రహము నిలుపుదురు. జనులు ఇడ్డెనుల వాసనను, టిక్కెట్ల కిటికీ ముందరి వరుసను గుర్తుంచుకొందురు. రెండును చరిత్రయే. మొదటిదానికి శిలాఫలకమున్నది, రెండవదానికి నాలుకయే ఆధారము.

ఫోనులోని పటమునకు ఈ నాలుక లేదు. అది నేడు తలుపు తెరచియున్న దుకాణమును చూపును. ఎన్ని గంటలకు మూయుదురో చెప్పును. ఎందరు మెచ్చిరో నక్షత్రములు లెక్కించును. పోయినదానిని "శాశ్వతముగా మూయబడినది" అని ఒక్క ముక్కతో త్రోసివేయును. సినిమాహాలు కల్యాణమండపమై, కల్యాణమండపము బట్టల దుకాణమైనచో పటమునకు తెలిసినది చివరి వేషమే. వర్తకమునకు ఇది చాలును. ఊరిని తెలిసికొన గోరువానికి చాలదు.

ఇచ్చట గుంటూరు ఉపాధ్యాయునొకరిని స్మరింపవలసియున్నది. గుఱ్ఱము జాషువ 1895లో వినుకొండలో జన్మించి, 1971లో గుంటూరున కన్నుమూసిన మహాకవి. గుంటూరులో లూథరన్ చర్చి వారి ఉపాధ్యాయ శిక్షణాలయమున ఏండ్ల తరబడి పనిచేసిరి. అంతకు పూర్వము 1915-16 ప్రాంతమున రాజమహేంద్రవరమున వారికి దొరికిన పని చిత్రమైనది. అవి మూగ సినిమాల దినములు. తొలి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద' 1932లో గాని రాలేదు. తెరపై బొమ్మలు కదలుచుండగా కథను, సంభాషణలను చదివి వినిపించు వాచకుడు ప్రతి హాలునకు కావలసియుండెను. ఇరువదియేండ్ల జాషువ ఆ వాచకుడైరి.

చెవిలో కథ చెప్పు యాప్‌నకు ఇంతకన్న దగ్గరి పూర్వుడు దొరకడు. ఐనను రెండింటికిని భేదము కలదు. వాచకుని యెదుట జనముందురు. వారు నవ్వినచో ఆగవచ్చును. తెలియని మాటకు కనుబొమ్మలు ముడిపడినచో తెలిసిన మాట వేయవచ్చును. పిల్లవాడు జడిసినచో గొంతు తగ్గింపవచ్చును. యంత్రకంఠము బెజవాడ బాలునకును, బెర్లిను యాత్రికునకును ఒకే వాక్యమును ఒకే స్వరమున వినిపించును. అడిగినదానికి బదులు చెప్పు కృత్రిమ మేధ కూడ ఇప్పుడు ఫోనులోనికి వచ్చినది. అది చతురముగా మాటలాడును గాని, ఎవరో ఎక్కడనో వ్రాసిపెట్టినదాని మీదనే దాని బ్రతుకు. బ్రాడీపేటను గూర్చి ఎవరును వ్రాయనిచోట అది మాటలు కల్పించును, కల్పించితినని చెప్పదు. శంకర్‌విలాస్ అనునది ఒక శివాలయమని అది ధీమాగా చెప్పిననాడు, కాదనుటకు తెలిసినవారు మిగిలియుండవలెను గదా! అందుచేత యాప్ మంచిదా చెడ్డదా యను చర్చకన్న, అందులో పలుకవలసిన కథను ఎవరు వ్రాయుదురను ప్రశ్నయే ముఖ్యము.

ఈ పని పాఠశాలలకు మించినది కాదు. ఒక తరగతికి ఒక లైను ఇచ్చినచో పది తావులు చాలును. తావునకు రెండు నిమిషముల కథ. అనగా సుమారు ఇన్నూరు మాటలు. వినువాడు నడివీథిలో నిలిచియున్నాడని వ్రాయువాడు మరువరాదు. గుంటూరు ఎండ సంగతి వేరుగ చెప్పనేల! ఆ యింటి అరుగులో, ఆ మూల మందుల దుకాణములో, ఆ సైకిలు షాపులో ఏబది యేండ్లుగా కూర్చున్నవారిని పిల్లలు అడిగి వ్రాసికొనవలెను. పెద్దలు ఆదరముతో చెప్పుదురు. ఐతే చెప్పినదంతయు వ్రాయుట చరిత్ర కాదు. ఒకే చిత్రము ఒకరి జ్ఞాపకమున నూరు దినములు, వేరొకరి జ్ఞాపకమున నూట డెబ్బదియైదు దినములు ఆడియుండును. హీరో మీది అభిమానమును బట్టి దినములు పెరుగుచుండును. ఇద్దరు చెప్పినది సరిపోల్చవలెను. పాత పత్రికలలోని సినిమా ప్రకటనలు వెదకవలెను. గుంటూరులో లంకా సూర్యనారాయణగారి సేకరణతో వెలసిన అన్నమయ్య గ్రంథాలయమువంటిది ఉండగా ఇందుకు పరాయి నగరమునకు పోనక్కరలేదు.

వ్రాసినదానిని ఉంచుటకు చోటు కూడ కలదు. తెలుగు వికీపీడియా 2003నుండి ఎవరైనను ఆధారము చూపి వ్రాయవచ్చునని తలుపు తెరచియుంచినది. 2004లో పుట్టిన ఓపెన్‌స్ట్రీట్‌మ్యాప్ అను పటములో ఎవరైనను తమ వీథి గుర్తులను తెలుగు లిపిలోనే చేర్చవచ్చును. కంఠము కూడ పిల్లలదే యైనచో మేలు. "పద్నాలుగో అడ్డరోడ్డు" అని గుంటూరు బాలిక పలికినట్లు యంత్రము పలుకజాలదు.

చిక్కులు లేకపోలేదు. ఆరుబయట సైతము ఫోను చూపు తావునకు, మనిషి నిలిచిన తావునకు కొన్ని మీటర్ల తేడా యుండును. ఎత్తైన మేడల నడుమ ఉపగ్రహ సంకేతములు గోడలను తాకి మరలుటచే ఆ తేడా హెచ్చును. అడ్డరోడ్లు దగ్గర దగ్గరగా నున్న పేటలో పదమూడవదాని కథ పదునాలుగవదానిలో వినబడినను ఆశ్చర్యము లేదు. ప్రతి కథను "ఇది నాలుగవ లైను, పదమూడవ అడ్డరోడ్డు" అని మొదలుపెట్టినచో ఈ పొరపాటు అప్పటికప్పుడే బయటపడును. ఆనాడు పేటకు గళ్లు గీసిన చేయి ఈనాటి యంత్రమునకు కూడ ఉపకారము చేసిపోయినది. ఇక నడక సంగతి. దుకాణముల బోర్డులు, మోటారు సైకిళ్లు కాలిబాటను మ్రింగివేసిన వీథిలో రెండు చెవులు మూసికొని, కండ్లు ఫోనున పాతి నడచుట ప్రాణాపాయము. నడచునపుడు వినరాదు, ఒక ప్రక్కన నిలిచి వినవలెను. ఆదివారము ఉదయము, ఉపాధ్యాయుడు తోడుగా, పదిమందికి మించని జట్టు పోవుట క్షేమము.

"ఇది పరీక్షలో వచ్చునా?" అని తల్లిదండ్రులు అడుగుదురు. కోచింగు కేంద్రముల బోర్డుల నడుమ పెరుగుచున్న పిల్లలను గూర్చి వారి ఆందోళన అర్థముకానిది కాదు. మన విద్యార్థికి గైడు అనగా పరీక్ష గైడే. అందులోని వ్యాసమును వల్లించి వ్రాయుట అలవాటైనది. ఒక పెద్దమనిషిని మర్యాదగా ప్రశ్నించి, విన్నదానిలో నిజమెంతయో తేల్చి, ఇన్నూరు మాటలలో పొందికగా వ్రాసిన బాలికకు వ్యాసరచన వేరుగ నేర్పవలసిన పని యుండదు. తెలుగు ఉపాధ్యాయుడు వారమునకొక పీరియడు దీనికిచ్చినచో సిలబసు కూలిపోదు.

మొదట వ్రాయవలసిన కథ మాత్రము వంతెనదే. దానిమీదుగా సైకిలుపై కళాశాలకు పోయినవారు బ్రాడీపేటలో, అరండల్‌పేటలో నేటికిని కలరు. ఎక్కుడు దారిలో దిగి నెట్టుకొని పోయెడివారా, నిలుచుండి త్రొక్కెడివారా? క్రింద రైలు పోవునపుడు ఇంజను పొగ మొగమున కొట్టెడిదా? రెండవ ఆట విడిచిన రాత్రి అవతలినుండి ఇంటికి నడచి వచ్చునపుడు వంతెనపై ఏ పాట పాడుకొనెడివారు? సాయంకాలము ఎండ చల్లారి, కుర్చీలు వాకిట వేసికొన్న వేళ అడిగినచో చెప్పుదురు.