ఇరవైకీ ముప్ఫైకీ మధ్య

నిజాంసాగర్ కాలువ పారే బాన్సువాడలో వరిపొలం పక్కన కాస్త జాగా ఉన్న ఓ రైతును ఊహించుకోండి. ఆ జాగాలో కూరగాయలు వేద్దామనుకున్నాడు. అడవిపందుల బెడద ఎలాగూ ఉంది. చుట్టూ కంచె కట్టడానికి 100 మీటర్ల ఇనుప జాలీ తెచ్చాడు. మడి దీర్ఘచతురస్రంగా ఉండాలి, 600 చదరపు మీటర్లకు తగ్గకూడదు. ఇంటర్ రెండో ఏడాది చదివే కొడుకును పిలిచి 'పొడుగు ఎంత పెట్టాలె బిడ్డా?' అనడిగాడు.

కుర్రాడు కాగితం తీశాడు. చుట్టుకొలత 100 అంటే పొడవూ వెడల్పూ కలిపి 50. ఒకటి తెలిస్తే రెండోది తెలిసినట్టే. ఆ రెంటినీ గుణిస్తే 600 రావాలి. చకచకా వర్గ సమీకరణం సాధించి చెప్పాడు. 'ఇరవై అన్న పెట్టు బాపూ, లేకుంటే ముప్ఫై.'

'ఇరవై రెండు పెడితే?'

కొడుకు నోట మాట లేదు!

నిజానికి తండ్రి అడిగింది సమీకరణం కాదు. 'సరిగ్గా 600' అనలేదాయన, '600కు తగ్గకుండా' అన్నాడు. అది అసమీకరణం. తెలుగు మీడియంలో ఇంటర్ చదివినవారికి తెలుగు అకాడమీ పుస్తకంలోని 'వర్గ సమాసాలు' పాఠం గుర్తుండే ఉంటుంది. వర్గ అసమీకరణాలు అందులోవే. సమీకరణంలో రెండు మూలాలు దొరికితే పని అయిపోయినట్టే. అసమీకరణంలో అసలు పని అప్పుడే మొదలవుతుంది.

రైతు షరతును కాగితం మీద పెడదాం. పొడవు × (50 − పొడవు) ≥ 600. అన్నిటినీ ఒకవైపు చేర్చి, గుర్తులు మార్చి, కారణాంకాలుగా విడగొడితే (పొడవు − 20) × (పొడవు − 30) ≤ 0 అవుతుంది. గుర్తులు మార్చినప్పుడు మధ్యనున్న బాణం కూడా తిరగబడిందని గమనించారా? 3 కంటే 5 పెద్దదే, కానీ −3 కంటే −5 చిన్నది. పరీక్షల్లో మార్కులు జారిపోయే మొదటి చోటు ఇదే.

రెండోది ఇంకా ప్రమాదకరం. సమీకరణం అలవాటు కొద్దీ 'పొడవు 20కి తక్కువ, 30కి తక్కువ' అని రాసేస్తారు. సరే, పొడవు 10 పెట్టి చూడండి. −10ని −20తో గుణిస్తే +200. సున్నా కంటే తక్కువ కానే కాదు. పొలంలో చూసినా అంతే... పదికి నలభై, మడి 400 చదరపు మీటర్లే!

రెండు సంఖ్యల లబ్ధం రుణం కావాలంటే ఒకటి ధనం, మరొకటి రుణం కావాలి. ఒక గీత గీసి దానిమీద 20నీ 30నీ గుర్తు పెట్టుకుంటే చాలు. 20కి ఎడమన రెండు కారణాంకాలూ రుణమే, లబ్ధం ధనం. 30కి కుడిన రెండూ ధనమే, మళ్లీ లబ్ధం ధనం. మధ్యలో మాత్రం మొదటిది ధనం, రెండోది రుణం. కాబట్టి 20 నుంచి 30 వరకు ఎంత పెట్టినా ఫర్వాలేదు. ఇరవై రెండు పెడితే వెడల్పు 28, మడి 616 చదరపు మీటర్లు. బాపు అడిగింది న్యాయమే.

మూడో ఘాతమైనా, నాలుగో ఘాతమైనా దారి ఇదే. మూలాలను గీతమీద పెట్టాలి, ఒక్కో ముక్కలో ఒక్కో సంఖ్య వేసి గుర్తు చూడాలి. ఒక మూలం రెండుసార్లు వస్తే మాత్రం అక్కడ గుర్తు మారదు. దాన్ని దాటినా ధనం ధనంగానే, రుణం రుణంగానే ఉంటుంది. అలాగే, విలువ తెలియని రాశితో రెండు వైపులా గుణించేయకూడదు. అది రుణమైతే బాణం తిరగబడాలి కదా! ఎంతో తెలియనప్పుడు తిప్పాలో వద్దో ఎవరు చెప్పాలి?

ఈ < > గుర్తులు అచ్చులో మొదట కనిపించింది ఇంగ్లండుకు చెందిన థామస్ హారియట్ పుస్తకంలో. ఆయన 1621లో పోయాక పదేళ్లకు, 1631లో అది వెలువడింది. కింద గీతతో 'లేదా సమానం' అని చేర్చే పద్ధతి 1734లో ఫ్రెంచి పండితుడు పియర్ బూగే తెచ్చింది. హారియట్ పుస్తకం వచ్చిన సరిగ్గా మూడు వందల ఏళ్లకు, 1931లో, మంజీర మీద నిజాంసాగర్ పూర్తయింది. దాని పూర్తి నీటిమట్టం 1405 అడుగులు. వరద వచ్చినప్పుడు గేట్ల దగ్గర ఇంజినీర్లు చూసుకునేదీ ఓ అసమీకరణమే. మట్టం ≤ 1405!

మళ్లీ మడి దగ్గరికి వద్దాం. రైతుకు ఆశ పుట్టి '700 చదరపు మీటర్లు చేద్దాం' అన్నాడనుకోండి. మడి వైశాల్యాన్ని 625 − (పొడవు − 25)² అని కూడా రాయొచ్చు. అది 700 కావాలంటే ఆ వర్గం −75 కావాలి. తొమ్మిదో శతాబ్దిలో, రాష్ట్రకూట రాజు అమోఘవర్షుడి కాలంలో, గణితసారసంగ్రహం రాసిన మహావీరాచార్యుడు ఈ మాట ఎప్పుడో తేల్చేశాడు. రుణరాశి ఏ సంఖ్యకూ వర్గం కాదు గనక దానికి వర్గమూలం లేదన్నాడు. పావులూరి మల్లన తెలుగు పద్యాల్లోకి తెచ్చింది ఆ గ్రంథాన్నే. ఇంటర్ పుస్తకం ఇదే సంగతిని 'విచక్షణి రుణం' అంటుంది. మన రైతు భాషలో అయితే, ఆ జాలీని ఎటు తిప్పి కట్టినా 700 రాదు.

రావాలంటే ఒక దారి ఉంది. 106 మీటర్ల జాలీ తెచ్చి, ఒక్కో వైపు ఇరవై ఆరున్నర మీటర్లతో నలుచదరంగా కట్టుకోవాలి. 702 దాటుతుంది. అంటే ఇంకో ఆరు మీటర్లు కొనాల్సిందే.