ముఖము కనబడని పనివారు



సంఘ పత్రికలో సినిమా మాట ఎందుకని పెద్దలు అడుగవచ్చును. సినిమాలు చూడమని చెప్పుటకు మేము ఇది వ్రాయుట లేదు. అయితే మన గోదావరి పల్లెలలో యౌవనస్థులు అరుగు మీద కూర్చుంటే హీరోగారి ఫైట్ల ముచ్చటే. ఆ ఫైటులో దెబ్బ తిని పడినవాడు ఎవరో, ఇంటికి ఎలా చేరాడో అడిగేవారు తక్కువ.

నటుడు శ్రీహరిగారిని మీరెరుగుదురు. ఆయన 1964 ఆగస్టు 15న కృష్ణా జిల్లా యలమర్రులో పుట్టి, హైదరాబాదు బాలానగర్‌లో పెరిగారు. జిమ్నాస్టిక్స్‌లో ఆరితేరిన ఆయనకు చిత్రసీమలో మొదట దొరికినది స్టంటు పని. తరువాత చిన్న వేషాలు, విలన్ వేషాలు వచ్చాయి. 1999లో 'పోలీస్' చిత్రముతో కథానాయకుడయ్యారు. 2005లో 'నువ్వొస్తానంటే నేనొద్దంటానా'లో చెల్లెలిని పెంచి పెద్దచేసిన రైతు అన్నగా నటించి, ఫిలింఫేర్ ఉత్తమ సహాయ నటుడి పురస్కారము పొందారు. 2013 అక్టోబరు 9న, ఒక హిందీ చిత్రము షూటింగు నిమిత్తము ముంబైలో ఉండగా, 49 ఏళ్ళకే కన్నుమూశారు.

ఆయన కుమార్తె అక్షర నాలుగు నెలల పసికందుగానే చనిపోయింది. ఆ బిడ్డ పేరున ఫౌండేషను పెట్టి, మేడ్చల్ ప్రాంతపు పల్లెలకు మంచినీరు, బడిపిల్లలకు కావలసిన వస్తువులు అందించారు. తన దుఃఖమును ఇతరుల దాహము తీర్చుటకు త్రిప్పిన తండ్రి ఆయన.

శ్రీహరిగారి ముఖము తెరకెక్కినది. కాని స్టంటు పనిలో ఉన్న అనేకుల ముఖములు ఎన్నటికీ కనబడవు. హీరోకు బదులు దూకే డూపు, కెమెరాకు వీపు చూపించవలసినదే. క్రింద పరుపులు, అట్టపెట్టెలు సరిగా పరచితేనే, నడుముకు కట్టిన తాడు గట్టిదైతేనే అతని ప్రాణము నిలుచును. 2016 నవంబరు 7న బెంగళూరు దగ్గర తిప్పగొండనహళ్ళి జలాశయములో, ఒక కన్నడ చిత్రము కొరకు హెలికాప్టరు నుండి దూకిన ఇద్దరు సహాయ నటులు మునిగిపోయారు. వారి ఒంటిపై లైఫ్ జాకెట్లు లేవు. ఒక్క జాకెట్టు ఖరీదెంత? ఒక్క ప్రాణము ఖరీదెంత?

ఈ ప్రశ్న సినిమావారికే కాదు, మనకును. మన కోనసీమలో తాడు బంధము వేసుకొని కొబ్బరిచెట్టు ఎక్కే దింపు కార్మికుడున్నాడు. రాజమండ్రి దగ్గర గోదావరిలో మునిగి బక్కెట్టుతో ఇసుక తీసే కూలీ ఉన్నాడు. మన ఇంటి కొబ్బరికాయలో, మన ఇంటి గోడలో వారి ముఖము కనబడదు. పౌలు భక్తుడు కొరింథీయులకు వ్రాసిన మొదటి పత్రిక 12వ అధ్యాయము చదవండి. బలహీనముగా కనబడే అవయవము లేనిదే దేహము నడువదని ఆయన భావము. మనకు రావలసిన దెబ్బలను సిలువపై భరించిన ప్రభువును ఆరాధించువారము మనము. ఇతరుల కొరకు దెబ్బ తినేవారి నుండి మనము కన్ను త్రిప్పుకొనుట తగునా?

కాబట్టి ఈ నెల ఒక పని చేద్దాము. దింపుకు వచ్చినవాని తాడు అరిగినదేమో చూడండి. వాన పడి మాను తడిసియుంటే, "తమ్ముడూ, ఇవాళ ఎక్కవద్దు, రేపు రా" అనండి. పడి మంచమెక్కినవాని ఇంటికి వెళ్ళి, ప్రార్థనతోపాటు నాలుగు శేర్ల బియ్యము ఇచ్చి రండి. ఫోనులో వీడియో కొరకు కాలువ వంతెన మీదనుండి దూకే పిల్లలను కోప్పడి ఊరుకొనక, కూర్చోబెట్టి ఆ ఇద్దరి సంగతి చెప్పండి.

ముఖము కనబడని ప్రతి పనివాని పేరు ప్రభువునకు తెలియును. మనమును తెలిసికొందుము గాక. ఆమేన్.