ఒత్తు పోతే పరువు పోయిందా?

ఉదయగిరి, ఆత్మకూరు మెట్ట పల్లెల పిల్లలకు తెలుగు రాయడం రాదని ఎగతాళి చేసేవాళ్లు ఉన్నారు. ‘అర్థం’ రాయమంటే ‘అర్ధం’ రాస్తారట. శకారం, షకారం తెలీవట. నిజమే, రాస్తారు. అయితే ఏందంట? ముందు ఎగతాళి చేసే పెద్దమనిషిని ‘కథ’, ‘రథం’ అని గట్టిగా పలకమనండి. పదిమందిలో ఎనిమిదిమంది నోట ‘కధ’, ‘రధం’ అనే వస్తుంది. టీవీ వార్తలు చదివేవాళ్లూ అంతే. నోళ్లన్నీ ఒకటే అయినప్పుడు నింద మాత్రం మెట్ట పిల్లకాయల మీదేనా?

చిన్నయసూరి 1858 నాటి బాలవ్యాకరణంలోనే తెలుగుకు ముప్పై ఆరు అక్షరాలని లెక్క తేల్చాడు. ఖ, ఘ, థ, ధ, భ, శ, ష ఆ లెక్కలో లేవు. అవి సంస్కృతపు మాటలతో పాటు వచ్చినవి. అంటే ‘సోమసిల’ అనే రైతు భాషను చెడగొట్టడం లేదు, తెలుగు నోటితో పలుకుతున్నాడు. నెల్లూరు జిల్లా శాసనాలను బట్టర్‌వర్త్, వేణుగోపాల్ చెట్టి 1905లో మూడు సంపుటాలుగా అచ్చువేశారు. వాటిని తిరగేసినా, చెవికి విన్నది విన్నట్టే రాయి మీద చెక్కిన మాటలు కనబడతాయి.

ఇంకో సంగతి. మర్రిపాడు ఒకప్పుడు ‘మఱ్ఱిపాడు’. గుఱ్ఱం, మఱి అనే మాటలకూ బండి ఱ ఉండేది. పండితులతో సహా మనమందరం దాన్ని వదిలేశాం. గుర్రం గాడిద కాలేదు. పెద్దలు వదిలితే సంస్కరణ, పిల్లలు వదిలితే భ్రష్టత్వమా? ఇదెక్కడి న్యాయం!

అట్టాగని ‘ఎట్టా రాసినా అర్థమైతే చాలు’ అనేవాళ్ల పక్షానా నేను లేను. వాళ్ల ఉదారత పిల్లలకు ఇంకా పెద్ద ద్రోహం. ‘పురస్కార ప్రధానం’ అని ఫ్లెక్సీ కడతారు. ప్రదానం అంటే ఇవ్వడం, ప్రధానం అంటే ముఖ్యం. ‘ఆహుతులందరికీ స్వాగతం’ అని కార్డు వేస్తారు. పిలిచినవాళ్లు ఆహూతులు. ఆహుతి అంటే హోమంలో వేసేది. చుట్టాలను భోజనానికి పిలుస్తున్నారా, నిప్పుల్లోకి పిలుస్తున్నారా? ‘సకలం’ అంటే అంతా, ‘శకలం’ అంటే ముక్క. ఒక్క అక్షరంతో మొత్తం ఆస్తి ముక్కయిపోతుంది. రేషన్ కార్డులో శేషమ్మ, పాస్‌బుక్కులో సేసమ్మ అయితే, ఆ ఇద్దరూ ఒకరేనని రుజువు చేసుకోవడానికి తిరగాల్సింది రాసిన గుమాస్తా కాదు, ఆ ముసలామె. అందుకే రాత ముఖ్యం. పరువు కోసం కాదు, పని కోసం.

మరి ఎట్టా నేర్పాలి? ‘సరిగా పలికితే సరిగా రాస్తావు’ అని బళ్లో బెత్తం పట్టుకుంటే లాభం లేదు. ఒత్తు మరిచావని తిట్లు తిన్న పిల్లవాడు, భయంతో, అక్కర్లేని చోట కూడా ఒత్తు పెడతాడు. బాధ ‘భాద’ అవుతుంది, విద్యార్థి ‘విధ్యార్థి’ అవుతాడు. ఇవి అజ్ఞానపు తప్పులు కావు, బెదురు తప్పులు. మాటకు దాని బంధువులను చూపించండి. అర్ధం పక్కన అర్ధరాత్రి, అర్ధచంద్రుడు. అర్థం పక్కన అర్థవంతం, పరమార్థం. ప్రదానం పక్కన దానం, ప్రదాత. ప్రధానం పక్కన ప్రధాని. ఆహూతుల పక్కన ఆహ్వానం. సోమశిల పక్కన శిలాశాసనం. చెవి చెప్పలేని తేడాను అర్థం చెబుతుంది.

ఈ తిప్పలు మన ఒక్కరివే కావు. బ్రెజిల్ పోర్చుగీసులో సమావేశానికీ, విభాగానికీ, హక్కు వదులుకోవడానికీ ఉన్న మూడు మాటలు చెవికి ఒకటే, రాతలో మూడు. 1990లో దేశాలన్నీ కూర్చుని రాత ఒప్పందం చేసుకున్నా ఆ మూడూ అట్టాగే ఉన్నాయి. అక్కడి పిల్లలూ తప్పులు రాస్తారు, నేర్చుకుంటారు. నోరు వేరు, రాత వేరు అన్న చిన్న నిజం ఒప్పుకుంటే చాలు.

మెట్ట పిల్లల నోట్లో లోపం లేదు. వాళ్ల నోటిని వెక్కిరించి, చేతికి మాత్రం ఏమీ నేర్పని చదువులో ఉంది. ముందు దాన్ని దిద్దండి, ఎర్ర సిరా ఆ తర్వాత తీయొచ్చు.