‘ట్రస్ట్’ నొక్కొద్దు

ఐఫోన్‌లో కొత్తగా దించుకున్న యాప్ తెరవబోతే ‘అన్‌ట్రస్టెడ్ ఎంటర్‌ప్రైజ్ డెవలపర్’ అన్న హెచ్చరిక వచ్చిందా? వాట్సాప్‌లో పరిచయమైన పెట్టుబడి సలహాదారు ‘ఏం కాదు, సెట్టింగ్స్‌లోకి వెళ్లి ట్రస్ట్ నొక్కండి’ అంటున్నాడా? అక్కడే ఆగిపోండి.

ఆ హెచ్చరిక ఎంటర్‌ప్రైజ్ సర్టిఫికెట్‌తో వచ్చిన యాప్‌కే వస్తుంది. ఈ సర్టిఫికెట్‌ను యాపిల్ కనీసం 100 మంది ఉద్యోగులున్న సంస్థలకే ఇస్తుంది, అదీ సొంత సిబ్బంది వాడే యాప్‌ల కోసమే. అవి యాప్ స్టోర్ తనిఖీ గడప తొక్కవు. వాటికి కాపలా ఆ సర్టిఫికెట్టే. యాప్ ఎవరి డిజిటల్ సంతకంతో వచ్చిందో, తర్వాత ఎవరైనా మార్చారో లేదో ఫోన్ దాన్ని బట్టే తేల్చుకుంటుంది. గడువు తీరినా, యాపిల్ రద్దు చేసినా యాప్ పనిచేయదు.

2019 జనవరిలో జరిగింది అదే. ఫేస్‌బుక్ ఈ సర్టిఫికెట్‌తో ‘రీసెర్చ్’ యాప్‌ను బయటి జనానికి, 13 ఏళ్ల పిల్లలకు సైతం ఇచ్చింది. నెలకు 20 డాలర్ల దాకా చెల్లించి వాళ్ల ఫోన్ వాడకాన్ని గమనించింది. యాపిల్ సర్టిఫికెట్ రద్దు చేయగానే ఫేస్‌బుక్ ఉద్యోగులు ఆఫీసులో వాడే సొంత యాప్‌లు కూడా ఆగిపోయాయి.

సర్టిఫికెట్ సంతకం ఎవరిదో చెబుతుంది, బుద్ధి ఎలాంటిదో చెప్పదు. ప్రేమ పేరుతో వల వేసి క్రిప్టో పెట్టుబడులు పెట్టించే ‘క్రిప్టోరోమ్’ ముఠాలు ఈ సర్టిఫికెట్లనే వాడుకున్నాయని సైబర్ భద్రతా సంస్థ సోఫోస్ 2021లో బయటపెట్టింది. ఆండ్రాయిడ్‌లో ఆ మాత్రం అడ్డు కూడా లేదు. ఆండ్రాయిడ్ యాప్ ఉండే ఏపీకే ఫైల్‌పై ఎవరి సంతకం వాళ్లే చేసుకోవచ్చు. ట్రాఫిక్ చలాన్ పేరిట వాట్సాప్‌లో వచ్చే ఏపీకేలు అలాంటివే.

ఒకటి గుర్తు పెట్టుకోండి: మీ కంపెనీ తన ఎండీఎం (ఉద్యోగుల ఫోన్లను నిర్వహించే వ్యవస్థ) ద్వారా ఐఫోన్‌లో పెట్టిన యాప్ మిమ్మల్ని ‘ట్రస్ట్’ అడగదు. అడిగిందంటే ముందు మీ ఐటీ విభాగానికి ఫోన్ చేయండి. ఐటీ విభాగాలకూ ఒక మాట: మీ యాప్‌లపై సంతకం చేసే ప్రైవేట్ కీ ఎవరి చేతిలో ఉందో, సర్టిఫికెట్ గడువు ఎప్పుడు తీరుతుందో ఈ వారమే చూసుకోండి.

ఇప్పటికే ‘ట్రస్ట్’ నొక్కేశారా? ఆ యాప్‌ను, దానితో వచ్చిన ప్రొఫైల్‌ను తీసేయండి. వేరే ఫోన్ నుంచి బ్యాంకు పాస్‌వర్డులు మార్చండి. డబ్బు పోతే క్షణం ఆలస్యం చేయకుండా 1930కి ఫోన్ చేయండి.