ఓడినవాడే చెల్లించాలా?

గత నెల ఒక తండ్రి మా వద్దకు వచ్చి తన కుమారుని గురించి ఆవేదన వెలిబుచ్చారు. "మౌలానా సాబ్, అసర్ నమాజ్ తర్వాత వాడు ఇంట్లో కనిపించడం లేదు. స్నూకర్ ఆడే చోట కూర్చుంటున్నాడు. మీరైనా మందలించండి" అన్నారు. ఆ యువకుడు ఒకప్పుడు మా వద్ద చదువుకున్నవాడే. తెలియని విషయం మీద తీర్పు చెప్పరాదని అతనికి నేర్పింది మేమే. కనుక అతణ్ణి పిలిపించి, "ముందు ఆ ఆట నియమాలు మాకు నేర్పు బేటా" అన్నాము. మరునాడు వెంట తీసుకువెళ్ళాడు.

"బల్ల మీద 22 బంతులు ఉస్తాద్" అని మొదలుపెట్టాడు. ఎర్రవి 15. పసుపు, ఆకుపచ్చ, గోధుమ, నీలం, గులాబీ, నలుపు రంగులవి ఒక్కొక్కటి. మిగిలినది తెల్లది. ఆటగాడు క్యూ కర్రతో తెల్లబంతినే కొట్టాలి. దాని తాకిడితో మిగతావి పాకెట్లలో పడాలి. ముందు ఒక ఎర్రబంతి, తర్వాత ఏదైనా ఒక రంగుబంతి, మళ్ళీ ఎర్రబంతి. ఎర్రదానికి 1 పాయింటు. పసుపుకు 2తో మొదలై వరుసగా నలుపుకు 7. పడిన ఎర్రబంతి తిరిగి రాదు. రంగుబంతిని మాత్రం దాని స్థానంలో మళ్ళీ ఉంచుతారు. ఎర్రవన్నీ ముగిశాక రంగుబంతులను విలువల వరుసలోనే వేయాలి. ప్రతి ఎర్రబంతి తర్వాతా నలుపునే వేస్తూ బల్ల మొత్తం ఖాళీ చేస్తే 147 పాయింట్లట. వారసత్వ వాటాల లెక్కలు బోధించే అలవాటు కొద్దీ మేమూ కూడి చూశాము. పదిహేను ఎనిమిదులు 120, చివరి ఆరు బంతులకు 27. సరిపోయింది.

ఈ ఆట మన దేశంలోనే పుట్టింది. 1875లో జబల్‌పూర్‌లో ఆంగ్ల సైనికాధికారుల మధ్య రూపుదిద్దుకొని, తర్వాత ఊటీ క్లబ్బులో దాని నియమాలు లిఖితరూపం పొందాయని చెబుతారు.

ఆట సాగుతుండగా అతని చొక్కా చేయి నీలంబంతికి తగిలింది. ఎదుటివాడు ఫోను చూసుకుంటున్నాడు. పోటీలలోలాగా అక్కడ రెఫరీ లేడు. అయినా అతడు చేయెత్తి "ఫౌల్" అన్నాడు. ఫౌల్‌కు కనీసం 4 పాయింట్లు ప్రత్యర్థికి చేరుతాయి. తగిలినది నీలంబంతి కాబట్టి 5 చేరాయి. "ఎవరూ చూడలేదు కదా?" అని అడిగాము. "ఎవరూ చూడకపోయినా తన తప్పు తానే చెప్పాలి ఉస్తాద్. ఈ ఆట మర్యాద అది" అన్నాడు. మందలించడానికి వెళ్ళిన మాకు నోట మాట రాలేదు.

అయితే ఆట ముగిశాక ఓడిన స్నేహితుడు ఒక్కడే పర్సు తీశాడు. బల్ల అద్దె ఓడినవాడే ఇవ్వాలట. అది అక్కడి రివాజట. అప్పుడు మేము చెప్పవలసినది చెప్పాము: "బేటా, ఎవరి డబ్బు పోవాలో గెలుపోటములు నిర్ణయిస్తే అది పందెం. మొత్తం చిన్నదైనంత మాత్రాన జూదం జూదం కాకుండా పోదు."

"మరి సగం సగం వేసుకుంటే?"

"అప్పుడు అది అద్దె మాత్రమే."

"అలాగైతే ఆటలో మజా ఏముంటుంది?" అని స్నేహితుడు నవ్వాడు. మా శిష్యుడు నవ్వలేదు. తన జేబులో నుండి సగం తీసి బల్ల మీద పెట్టాడు. మగ్రిబ్ అజాన్‌కు ముందే ముగ్గురం బయటికి వచ్చాము.

తల్లిదండ్రులారా, పిల్లలు ఆడే ఆటను నిషేధించే ముందు దాని నియమాలు వారి నోటనే వినండి. డబ్బు ఎవరు ఇస్తున్నారు, ఆ వేళ ఏ బాధ్యత వెనుకబడుతోంది అని అడగండి. వారిలోని మంచిని కూడా గమనించండి. ఆ తండ్రికి మేము ముందుగా చెప్పింది ఫౌల్ సంగతే. అద్దె సంగతి తర్వాత చెప్పాము. ఆయన చాలాసేపు మౌనంగా ఉండి, "ఈ ఆదివారం నేనూ వెళ్ళి చూస్తాను" అన్నారు.