మన ఊరి లక్ష్మి

'అంకుర్' సినిమా మీలో ఎంతమంది చూశారో! చివర్లో లక్ష్మి అనే పనిమనిషి దొర కొడుక్కి ఎదురుగా నిలబడి శాపనార్థాలు పెడుతుంది. మూగవాడైన ఆమె మొగుణ్ని ఏ తప్పూ లేకుండా కొరడాతో చితకబాదాడు మరి. ఆ గొంతు వింటే ఒళ్లు జలదరిస్తుంది. షబానా అజ్మీ తెరమీద కనిపించిన మొదటి సినిమా అదే. 1974లో వచ్చింది. మొదటి సినిమాతోనే జాతీయ ఉత్తమ నటి!

మనం మరిచిపోయే సంగతొకటుంది. ఆ కథ మనది. శ్యామ్ బెనగళ్ మన సికింద్రాబాద్ పక్కన పెరిగినవాడు. షూటింగూ ఇక్కడే. పాత్రలు మాట్లాడేదీ మన దక్కనీ యాసే. ఆ మాటకొస్తే షబానా పుట్టిందీ హైదరాబాదులోనే, 1950లో. పెరిగింది మాత్రం బొంబాయిలో, కవి కైఫీ అజ్మీ కూతురిగా. అందుకే పల్లెటూరి ఆడవాళ్లలా గొంతుక్కూర్చోవడం రాక తిప్పలు పడ్డానని ఆమే చెప్పుకున్నారు. సినిమాలో చూస్తే నమ్మలేం.

నాకు అంతకన్నా ఇష్టం 'పార్' (1984). తీసింది గౌతమ్ ఘోష్, మన 'మాభూమి' తీసినాయనే. ఊళ్లో దౌర్జన్యాలకు భయపడి కలకత్తా పారిపోయిన బీహారు కూలీ జంట కథ. తిరుగు ప్రయాణానికి డబ్బుల్లేక, ఓ పందుల మందను నది దాటించే పనికి ఒప్పుకుంటారు. ఆమె గర్భిణి. ఆ నీళ్లలో ఈదుతున్నంతసేపూ మనకీ ఊపిరాడదు. ఒడ్డెక్కాక, కడుపులో బిడ్డ పోయిందేమోనని ఏడుస్తుంది. మొగుడు పొట్టమీద చెవి పెట్టి వింటాడు. దీనికీ జాతీయ అవార్డు వచ్చింది. మొత్తం అలాంటివి ఐదు.

మధ్యలో 'అమర్ అక్బర్ ఆంథోనీ' లాంటివీ చేశారు. తప్పేముంది? ఇలాంటి సినిమాలకు డబ్బులెవరిస్తారు?

1986లో బొంబాయిలో గుడిసెలు కూల్చినప్పుడు షబానా వెళ్లి ఆ పేదలతో నిరాహారదీక్షకు కూర్చున్నారు. 'సినిమావాళ్లకిదో సరదా' అనేవాళ్లు ఎప్పుడూ ఉంటారు. కానీ లక్ష్మి వేషం, 'పార్'లో కూలీ వేషం వేసిన మనిషి గుడిసెలు కూలుతుంటే ఇంట్లో ఎలా కూర్చుంటుంది చెప్పండి?

నా బాధల్లా ఒక్కటే. లక్ష్మి మన ఊరి మనిషి. ఆమె చేత తెలుగులో తిట్టించే సినిమా అప్పుడు మనవాళ్లెవరూ తీయలేదు. బెనగళ్ 2024 డిసెంబరులో పోయారు. ఈసారి ఎక్కడైనా 'అంకుర్' దొరికితే చివరిదాకా చూడండి. లక్ష్మి తిట్లయ్యాక లేచిపోకండి. ఆఖర్న ఓ చిన్నపిల్లాడు దొర ఇంటి కిటికీ మీదికి రాయి విసురుతాడు.